అట్టలోని ఆకులు

సోమవారం పొద్దున బైండరమ్మ మైదా జిగురు ఉడికిస్తుండగా మేస్త్రి పెళ్లి మాట ఎత్తాడు. జిగురు ఉడికేటప్పుడు చెయ్యి ఆపకూడదు, ఆపితే అడుగంటుతుంది. ఆ సంగతి నేర్పింది కూడా ఆయనే. అంచేత ఆమె గరిటె తిప్పుతూనే వింది. ఆయన చెప్పడం పూర్తయ్యేసరికి జిగురు మరీ చిక్కబడిపోయింది, మళ్లీ నీళ్లు పొయ్యాల్సివచ్చింది.

మాట చిన్నదే. మేస్త్రికి డెబ్బై దగ్గరపడ్డాయి. సూదిలో దారం ఎక్కించి ఏడాది దాటింది. షాపు తమ్ముడికి అప్పజెబుదామనుకుంటున్నాడు. ఆ తమ్ముడికి భార్య పోయి నాలుగేళ్లు, పిల్లల్లేరు, నాలుగు వీధుల అవతల స్టేషనరీ కొట్టుంది, వేలెత్తి చూపడానికి ఒక్క చెడ్డ అలవాటు లేదు.

"నువ్వు మా ఇంటి మనిషివైతే షాపు నీదే అవుతుంది కదమ్మా. ఇన్నేళ్లు కష్టపడ్డావు. దానికో ఫలితం ఉండొద్దూ?" అన్నాడు మేస్త్రి.

కాదంటే ఏమవుతుందో ఆయన చెప్పలేదు. చెప్పక్కర్లేదు కూడా. ఆ షాపులో ఉన్నవి రెండే బల్లలు. ఒకదాని మీద కటింగ్ మిషను, రెండోదాని మీద కుట్టుపని. కుట్టుబల్ల దగ్గర ఇరవై రెండేళ్లుగా కూర్చుంటున్నది బైండరమ్మ ఒక్కతే. షాపు చెయ్యి మారితే ఆ బల్ల ఎవరిదన్నది కొత్త చేతుల ఇష్టం. ఆదివారం తమ్ముణ్ణి తీసుకుని ఇంటికొచ్చి మాట ఖాయం చేసుకుంటామని, అప్పటిదాకా నిదానంగా ఆలోచించుకోమని చెప్పి మేస్త్రి కళ్లద్దాలు తుడుచుకున్నాడు.

వీధంతా ఆమెని బైండరమ్మ అనే పిలుస్తుంది. ముప్పై తొమ్మిదేళ్ల మనిషికి అసలు పేరంటూ ఒకటి లేకపోలేదు. అది ఓటర్ల జాబితాలో భద్రంగా ఉంది. ఆమె మేస్త్రి మాటలకి సంతోషించలేదు, కోపగించుకోనూ లేదు. నడుం నొప్పి మాత్రం గుర్తొచ్చింది. పొద్దున్నే లేవక్కర్లేని ఒక రోజు ఎలా ఉంటుందో ఊహించుకుంది. ఆ ఊహ బాగానే ఉంది. నిజం చెప్పొద్దూ, చాలా బాగుంది.

మధ్యాహ్నం లైబ్రరీ మేడమ్ ఒక పురికొస కట్టతో వచ్చింది. కట్టలో రెండు పుస్తకాలు, రెండూ ఒకే నవల. అరవై ఏళ్ల కిందటిదట. టెలిఫోన్ ఎక్స్ఛేంజిలో పనిచేసే ఒక పిల్ల, ఆమెని చేసుకుంటానని వెంటపడే ఒక లాయరు. ఇప్పటికీ ఆడవాళ్లు వరస కట్టి మరీ తీసుకెళ్తున్నారని మేడమ్ చెప్పింది. వచ్చిన చిక్కల్లా ఒక ప్రతికి చివరి పేజీలు లేవు, ఎవరో ఇంట్లోంచి తెచ్చిచ్చిన రెండో ప్రతికి మొదటి సగం చెదలు తినేశాయి. రెండూ కలిపి ఒక పూర్తి పుస్తకం చేసివ్వాలి. శనివారానికి కావాలి.

చివర లేని ప్రతి వెనక అట్ట లోపలివైపు పెన్సిలు రాతలు నిండిపోయి ఉన్నాయి. లాయర్ని చేసుకుంటుందని ఒకరు, చస్తే చేసుకోదని ఒకరు, చేసుకోకపోతే పాపం ఆ లాయరు గతేమిటని ఇంకొకరు రాశారు. అన్నిటికీ కింద పొందికైన అక్షరాలతో, "మీకెందుకండీ, ఆవిడ ఇష్టం" అని ఉంది. మేడమ్ అది చూపించి నవ్వింది. బైండరమ్మ మర్యాదకి నవ్వింది గానీ చదవలేదు.

చదవకపోవడం ఆమె పనిలో భాగం. బైండరు చదవకూడదని మేస్త్రి మొదటిరోజే చెప్పాడు. చదవడం మొదలెడితే చెయ్యి ఆగుతుంది, చెయ్యి ఆగితే కట్టలు పేరుకుపోతాయి. పెద్ద కాయితాన్ని మడతపెడితే వచ్చే పదహారు పేజీల్ని ఫారం అంటారు. ప్రతి ఫారం మొదటి పేజీ అడుగున చిన్న అంకె ఉంటుంది. ఒకటి, రెండు, మూడు అని ఆ అంకెలు చూసుకుని వరసగా కుట్టుకుపోవడమే. బైండరమ్మ ఇన్నేళ్లలో కొన్ని వేల పుస్తకాలు కుట్టింది. ఒక్కటీ చదవలేదు. ఊళ్లో ఇంత అక్షరం మధ్య బతికి ఇంత తక్కువ చదివిన మనిషి ఇంకొకరుండరు.

సాయంత్రం ఇంటికి వెళ్లేసరికి వదినకి అన్నీ తెలిసిపోయాయి. మేస్త్రి ముందే అన్నయ్యకి కబురు పెట్టాడు. రెండు గదుల ఇల్లు. ముందుగదిలో కిటికీ పక్కన బైండరమ్మ మంచం, లోపలిగదిలో అన్నయ్య, వదిన. అన్నయ్య పేపరు చాటున ఉండిపోయి మాట్లాడే పని భార్యకి వదిలేశాడు. పిల్లి మెడలో గంట కట్టే పనులన్నీ ఆ ఇంట్లో వదినవే.

వదిన టీ ఇచ్చి ఎదురుగా కూర్చుంది. ఆమెకి నలభై ఆరు. మాట్లాడేటప్పుడు వేళ్లు ఊరికే ఉండవు, పళ్లెం అంచు మీద టకటకమంటూనే ఉంటాయి. వయసు గురించి చెప్పింది, నడుం గురించి చెప్పింది, రేపు కళ్లు కూడా మేస్త్రి కళ్లలాగే అయితే ఎవరు చూస్తారని అడిగింది. అడిగినదాంట్లో అబద్ధం లేదు. ఆ తర్వాత లైబ్రరీ నవల సంగతి విని ఆమె ముఖం వెలిగింది. పెళ్లికి ముందు తను అది చదివిందట, రెండుసార్లు.

"ఆ టెలిఫోన్ పిల్ల ఎంత పొగరుదనుకున్నావు. లాయర్ని మూడొందల పేజీలు తిప్పుకుంటుంది. చివరికి ఏం చేసింది? ఉద్యోగం మానేసి చేసుకుంది. అంత తెలివైనదానికే తప్పలేదమ్మాయ్, మనమెంత?"

బైండరమ్మ ఖాళీ కప్పు తీసుకుని లేచింది. ఆదివారానికి ఇంకా ఆరు రోజులున్నాయని అంది. అదే వదినకి సగం ఒప్పుకున్నట్టు వినిపించింది.

మంగళవారం ఆమె పాత ప్రతి విప్పింది. ముందు వెన్ను మీది గుడ్డ తడిపి, మెత్తబడ్డాక చాకుతో లేపింది. కింద కుట్టు కనబడింది. కుట్టు చివర ముడి చూసి ఆమె చెయ్యి ఆగింది. రెండు చుట్లు తిప్పి, కొస కాస్త పొడుగ్గా వదిలిన ముడి. కొస అంత వదలొద్దని మేస్త్రి మొదట్లో రోజుకో తిట్టు తిట్టేవాడు. ఆమె మానుకోలేదు. ఈమె తాను పట్టిన కుందేటికి మూడే కాళ్లనే రకమని ఆయనే విసిగి ఊరుకున్నాడు. బైండర్ల ముడులు చేతిరాతల్లాంటివి, ఒకరిది ఇంకొకరికి రాదు. ఆ పాత పుస్తకాన్ని విప్పి మళ్లీ కుట్టింది తనే. లోపల లైబ్రరీ ముద్ర మీద తేదీ చూస్తే పద్దెనిమిదేళ్ల కిందటిది.

ఫారాలు విడదీసి అంకెలు సరిచూసింది. ఒకటి నుంచి పంతొమ్మిది దాకా ఉన్నాయి. పంతొమ్మిదో ఫారం ఆఖరి పేజీలో ఆఖరి వాక్యం సగంలో ఆగిపోయింది. ఇంతకాలం అందరూ పాఠకులెవరో చింపేసి ఉంటారనుకున్నారు. చింపితే వెన్ను దగ్గర కాయితం మొదళ్లు మిగులుతాయి. ఇక్కడ మొదళ్లు లేవు. అంటే ఇరవయ్యో ఫారం ఈ కుట్టులోకి అసలు రానేలేదు.

ఏం జరిగిందో బైండరమ్మకి అప్పుడు అర్థమైంది. పాత పుస్తకాల్లో చివరి ఫారం చాలాసార్లు చిన్నది, నాలుగాకులే ఉంటుంది. అడుగంచు చిరిగిపోతే అంకె పోతుంది. అంకె లేని కాయితం బైండరుకి చిత్తు కాయితం. ఆ రోజుల్లో అట్టలు కొనేవారు కాదు. బల్ల కింద బుట్టలో పడ్డ చిత్తు కాయితాలనే పొరమీద పొర అతికించి, ప్రెస్సులో బిగించి, ఆరాక అట్టగా కోసుకునేవారు. ఏ పుస్తకం చిత్తు చాలావరకు ఆ పుస్తకం అట్టలోకే పోయేది. ఒక్క వాక్యం చదివి ఉంటే అది చిత్తు కాదని తెలిసేది. చదవకూడదు గదా.

రెండో ప్రతిలో ముగింపు ఉంది కదా అని దాన్ని కలిపి చూసింది. కలపడానికి చదవక తప్పింది కాదు. ఒక ప్రతిలో తెగిన వాక్యాన్ని రెండో ప్రతిలో వెతుక్కోవాలి. వేలు పెట్టి లైను లైనూ వెతికింది. ఆ వాక్యం ఎక్కడా లేదు. చివరి ప్రకరణం మొదట్లో చిన్న అక్షరాల్లో, ఎందరో పాఠకుల కోరికపై ఈ ప్రకరణాన్ని మార్చి రాయడమైనదని అచ్చువేసి ఉంది. ఆ మార్చి రాసిన ప్రకరణంలో టెలిఫోన్ పిల్ల రాజీనామా ఇచ్చి లాయరు కారెక్కింది.

మేస్త్రికి చెబితే ఆయన తేలిగ్గా తీసుకున్నాడు. ఉన్నదేదో అతికించి ఇచ్చెయ్యమన్నాడు, ఎవడు చూడొచ్చాడన్నాడు. ఇరవై రెండేళ్లలో ఆ మాట ఆయన నోట వినడం అదే మొదటిసారి. కళ్లతో పాటు ఇంకేదో కూడా ఆయనకి మసకబారిందని ఆమెకి అనిపించి జాలేసింది.

బుధవారం మేస్త్రి తమ్ముడు షాపుకి వచ్చాడు. వస్తూ వస్తూ ఆమె కోసం ఒక దిండు తెచ్చాడు, స్టూలు మీద వేసుకోమని. ఇన్నేళ్లలో ఆమె నడుం కోసం ఏదో ఒకటి చేసిన మొదటి మనిషి అతనే. ఇస్త్రీ చొక్కా, నెమ్మదైన గొంతు. బైండరమ్మకి అతనంటే అసహ్యం పుట్టే అవకాశమే అతను ఇవ్వలేదు.

జేబులోంచి టేపు తీసి షాపంతా కొలిచాడు. గుమ్మం కొలిచాడు, గోడ కొలిచాడు, ఆఖరికి కుట్టుబల్ల దగ్గరికి వచ్చాడు. ఆమె అప్పుడు సూదిలో దారం బిగబట్టి ఉంది. టేపు బల్ల మీదుగా వస్తుంటే, దానికి దారివ్వడానికి ఆమె రెండు చేతులూ పైకెత్తి పట్టుకుంది. అతను అంకె చూసుకుని, కాయితం మీద రాసుకుని, టేపు చుట్టేదాకా అలాగే ఉంది. చేతులెందుకు ఎత్తిందో తర్వాత ఎంత ఆలోచించినా ఆమెకి అర్థం కాలేదు.

కొత్తగా గమ్ము మిషను వస్తోందట. ఫారాల వెన్ను కోసేసి, వేడి గమ్ము పూసి, అట్ట అంటించేస్తుందట. గంటకి వంద పుస్తకాలు, ఒక్క కుట్టు అక్కర్లేదు. కుట్టుబల్ల ఉన్నచోటే దానికి సరిగ్గా సరిపోతుంది.

"మీరింక ఒక్క పుస్తకం కూడా కుట్టక్కర్లేదండీ. ఇన్నాళ్లు పడ్డ కష్టం చాలు. హాయిగా ఇంటిపట్టున ఉండండి, షాపు సంగతి నేను చూసుకుంటాను."

"మరి షాపు నాదన్నారు కదా మేస్త్రిగారు?" అంది బైండరమ్మ.

"మీదే. అనుమానమేముంది? బోర్డు మీద మీ పేరే వేయిద్దాం." అని కాయితం మీద రాసుకోబోయి ఆగాడు. "ఇంతకీ మీ పేరేమిటండీ?"

ఆమె చెప్పబోయింది. ఇంతలో మేస్త్రి మిషను కొలతలు ఎంతొచ్చాయని అడిగాడు, తమ్ముడు అటు తిరిగాడు. అన్నదమ్ములిద్దరూ కిటికీ దగ్గర నిలబడి కరెంటు తీగ ఎటునుంచి లాగాలో మాట్లాడుకున్నారు. పేరు సంగతి మళ్లీ రాలేదు. వెళ్లేటప్పుడు అతను మర్యాదగా వస్తానని చెప్పి వెళ్లాడు.

బైండరమ్మ దిండు వేసుకుని కూర్చుని చూసింది. మెత్తగానే ఉంది. ఎత్తు పెరగడంతో చెయ్యి బల్లకి అందక కుట్లు వంకరపోయాయి. తీసి పక్కనపెట్టింది.

గురువారం పాత అట్టని నీళ్ల తొట్టెలో నానేసింది. పెన్సిలు రాతలున్న లోపలి కాయితాన్ని ముందే జాగ్రత్తగా లేపి ఆరబెట్టుకుంది. అట్ట రెండు గంటలు నానాక అంచులు పొరలు పొరలుగా విచ్చుకున్నాయి. చాకుతో లాగితే చిరుగుతుంది, నీళ్లలో ఉంచే వేలితో ఒక్కో పొర జరపాలి. మొదట ఎవరిదో లెక్కల నోట్సు వచ్చింది. తర్వాత బస్సు వేళల పట్టిక. ఒక పప్పుల దుకాణం కరపత్రం. తన చేత్తో అతికించిన చిత్తంతా ఒక్కొక్కటే బయటికి వస్తుంటే ఆమెకి సిగ్గు, ఆత్రం రెండూ కలిగాయి.

ఆరో పొర నవల అక్షరాలు. ఆ తర్వాత మూడు పొరలూ అవే. నాలుగాకులు. అడుగంచు చిరిగి ఉంది, అంకె లేదు.

దారం కట్టి ఆకుల్ని ఆరేసింది. మేస్త్రి మధ్యాహ్నం ఇంటికి వెళ్లాడు. షాపులో ఎవరూ లేరు. బైండరమ్మ చేతులు తుడుచుకుని, వేలాడుతున్న తడి ఆకుల ముందు నిలబడి, మొదటి ఆకు మొదటి లైను నుంచి చదివింది. పంతొమ్మిదో ఫారంలో తెగిన వాక్యం అక్కడ పూర్తయింది. చదివింది ఎనిమిది పేజీలే, దానికి అరగంట పట్టింది.

గొప్ప విశేషమేమీ జరగలేదు. లాయరు వర్షంలో వస్తాడు. పిల్ల లోపలికి పిలిచి, తల తుడుచుకోడానికి తువ్వాలిస్తుంది, కాఫీ ఇస్తుంది. అతను పెద్ద ఇల్లు చూశానంటాడు, అందులో ఆమె ఇక ఏ గంటకీ లేవక్కర్లేదంటాడు. ఆమె అతని మీద కోప్పడదు. ఉపన్యాసమివ్వదు. ఎక్స్ఛేంజిలో తన కుర్చీ కిటికీ పక్కన ఉంటుందని, ఊరంతా ఎవరు ఎవరితో మాట్లాడాలన్నా ముందు తన గొంతే వింటారని చెబుతుంది. అది మానుకోవడం తనకిష్టం లేదంటుంది. అతను చాలాసేపు కూర్చుంటాడు. చివరికి ఆమె, "రేపు పొద్దున ఆరింటికి నాకు డ్యూటీ ఉంది. పడుకోవాలి" అంటుంది. అతను వెళ్తాడు. ఆమె రెండు కప్పులూ కడిగి బోర్లించి దీపం తీసేస్తుంది. అంతే నవల.

ఇంతేనా అనుకుంది బైండరమ్మ. మళ్లీ మొదటి ఆకు దగ్గరికి వెళ్లింది. రెండోసారి కూడా అంతే ఉంది. కానీ ఈసారి కప్పులు కడిగేచోట ఆమెకి ఏడుపొచ్చింది. ఎందుకో తెలుసు ఆమెకి. ఇంత మామూలుగా చెప్పొచ్చునని ఆమెకి ఎవరూ చెప్పలేదు. కాదనాలంటే పెద్ద కారణం ఉండాలని, ఎదుటివాడు దుర్మార్గుడన్నా కావాలని ఇన్నాళ్లూ అనుకుంటోంది. ఆ చిన్న మాట పద్దెనిమిదేళ్లు అట్టలో ఉండిపోయింది, అక్కడ అతికించింది తనే.

శుక్రవారం సాయంత్రం ఆరిన ఆకుల్ని రెండు అట్టముక్కల మధ్య పెట్టి ఇంటికి తీసుకెళ్లింది. వదిన ఆదివారానికి కొత్త దుప్పటి తీసి మంచం మీద పరుస్తోంది. బైండరమ్మ ఆకులు ఆ దుప్పటి మీద వరసగా పెట్టి, ముందు అచ్చయినది ఇదీ అని చెప్పింది. పెళ్లితో ముగిసేది తర్వాత మార్చి రాశారనీ, పాఠకులు అడిగితే రాశారనీ చెప్పింది.

వదిన మొదట నమ్మలేదు. నిలబడే చదవడం మొదలుపెట్టింది. రెండో ఆకుకి మంచం అంచున కూర్చుంది. నాలుగో ఆకు అయ్యాక దాన్ని కింద పెట్టలేదు. ఆమె వేళ్లు మొదటిసారి కదలకుండా ఉన్నాయి.

"నేను చదివినప్పుడు ఇది లేదు" అంది.

"లేదు వదినా."

"టైపు స్కూల్లో నన్ను పర్మనెంటు చేస్తామన్న నెల అది. మీ అన్నయ్య సంబంధం కూడా అప్పుడే వచ్చింది. ఏం చెయ్యాలో తోచక ఈ పుస్తకం మళ్లీ తెచ్చుకుని చదివాను. చివరి పేజీ మూసేసి, వెళ్లి రాజీనామా టైపు చేశాను. ఒక్క తప్పు రాలేదు."

లోపలిగదిలోంచి అన్నయ్య ఆదివారం ఎంతమంది వస్తున్నారని అడిగాడు. వదిన ఆకులు జాగ్రత్తగా సర్ది, అట్టముక్కల మధ్య పెట్టి ఇచ్చేసింది. దుప్పటి పరచడం సగంలో వదిలేసి వంటింట్లోకి వెళ్లిపోయింది. ఆమె మనసులో ఏముందో బైండరమ్మకి అంతుపట్టలేదు.

శనివారం పొద్దున పుస్తకం కుట్టింది. నాలుగాకుల మడతలు పలచటి కాయితంతో అతికి, ఇరవయ్యో ఫారంగా చేర్చి, మైనం రాసిన దారంతో పంతొమ్మిదోదానికి ముడేసింది. మార్చి రాసిన ప్రకరణాన్ని పారెయ్యలేదు. ఒకసారి పేజీలు చిత్తులో వేసింది చాలు. వాటిని చివర్న, పెన్సిలు రాతల కాయితానికి ముందు విడిగా అతికించింది. ఇష్టమైనవాళ్లు చదువుకుంటారు.

ప్రెస్సు బిగించాక మేస్త్రి ముందుకెళ్లి నిలబడింది.

"రేపు రావొద్దని మీ తమ్ముడుగారికి చెప్పండి మేస్త్రిగారూ. నేను చేసుకోను."

ఆయన కళ్లద్దాలు తీశాడు. "వాడిలో ఏం లోపం కనబడిందమ్మా?"

"ఏ లోపం లేదు. మంచివారు. ఆయనకి నేను కుట్టకుండా ఉండాలి. నాకు కుట్టుకుంటూ ఉండాలి."

మేస్త్రి కళ్లద్దాలు మళ్లీ పెట్టుకున్నాడు. ఆయనకి నిజంగానే బాధ కలిగింది. కూతురిలా చూసుకున్నాననుకుంటున్న మనిషి మరి. కూతురికి బల్ల ఎందుకివ్వకూడదో ఆయనకి తట్టలేదు, ఆమె అడగనూ లేదు. చివరికి మిషను వచ్చే వారం దిగుతుందని, తర్వాత ఇక్కడ కుట్టుపని ఉండదని నేల చూస్తూ చెప్పాడు. తమ్ముడితో తను అనలేనని, రేపు వచ్చినప్పుడు ఆమే చెప్పుకోవాలని అన్నాడు. పెద్దవాళ్లు నీళ్లు నమిలితే నోరు మెదపాల్సింది చిన్నవాళ్లే.

ఆమె తన దబ్బనం, మడతలు నొక్కే పుల్ల, మైనం ముక్క గుడ్డలో చుట్టుకుంది. అవి మాత్రం తను కొనుక్కున్నవి. ఇరవై రెండేళ్ల తర్వాత మూట కట్టుకుంటే అది ఒక చేతిలో పట్టింది.

లైబ్రరీ మేడమ్ పుస్తకం చూసి, దొరికిన ఆకులు చూసి, కుర్చీలోంచి లేచి నిలబడి చదివింది. ఇంటి దగ్గర పని చేసుకుంటాను, లైబ్రరీ పుస్తకాలు నేరుగా నాకిస్తారా అని బైండరమ్మ అడిగింది. మేడమ్ వెంటనే సరేననలేదు. షాపు పేరు లేకుండా పని ఇవ్వడానికి రూలు ఒప్పుకోదట, పైకి రాయాలట, మూడు నెలలు పట్టొచ్చట, అనుమతి రాకపోనూవచ్చట. అప్పటిదాకా తన బాధ్యత మీద పది పుస్తకాలు ఇవ్వగలనంది. దరఖాస్తు కాయితం ముందుకు జరిపి, పేరు రాయమంది. బైండరమ్మ పూర్తి పేరు రాసింది. రాసి చాలా కాలమైంది గనక అక్షరాలు కాస్త వంకరగా వచ్చాయి.

ఆదివారం మధ్యాహ్నం ఆమె ముందుగదిలో కిటికీ కింద చాప వేసుకుని కూర్చుంది. కుట్టుబల్ల లేదు గనక స్టూలు తిరగేసి, పైకి లేచిన కాళ్ల మధ్య నాడాలు బిగించి కట్టింది. ఫారాలు వాటికి ఆనించి కుట్టుకోవచ్చు. అన్నయ్య రెండుసార్లు వచ్చి చూశాడు. కనీసం మంచి చీరైనా కట్టుకొమ్మన్నాడు. వచ్చేవాళ్ల ముందు ఈ చెత్తేమిటి, పరువు తీస్తావా అన్నాడు. ఊరందరిదీ ఒక దారి, ఉలిపికట్టెది ఒక దారి అన్నాడు. ఇంతకుముందు ఏ రోజూ ఆయన ఆమెతో వరసగా ఇన్ని మాటలు మాట్లాడలేదు.

"రాత్రే చెప్పాను కదన్నయ్యా, చేసుకోననీ, మేస్త్రిగారితోనూ అదే అన్నాననీ" అంది ఆమె. అంటూ సూది దించింది. కుట్టు పక్కకి పోయింది. విప్పి మళ్లీ వేసింది. ధైర్యమేమీ లేదు ఆమెకి, బాగా అలసిపోయి ఉంది. చేతిలో ఉన్నవి పది పుస్తకాలు, ఆ తర్వాత ఏమిటో తెలియదు. వాళ్లు వచ్చాక లేచి నిలబడి చెప్పాల్సిన మాటని లోపల పేర్చుకుంటోంది. వదిన వంటింట్లో ఉంది. శుక్రవారం నుంచి ఈ విషయం మీద ఒక్క ముక్క మాట్లాడలేదు. టీ కప్పులు సర్దుతున్న చప్పుడు వినిపిస్తోంది. ఆమె ఎటువైపో ఇంకా తెలియదు.

గుమ్మం దగ్గర చెప్పులు విప్పిన చప్పుడైంది. అన్నయ్య చొక్కా సర్దుకుంటూ లేచాడు. ఆయన కంటే ముందు వదిన చేతులు తుడుచుకుంటూ వెళ్లి, గుమ్మానికి అడ్డంగా నిలబడింది. బైండరమ్మకి ఆమె వీపు మాత్రం కనబడింది.

"అమ్మాయి ఉందా?" అన్నాడు మేస్త్రి.

"ఉంది. పనిలో ఉంది."

"ఆదివారం కూడా పనేమిటమ్మా?"

"ఆదివారమైతే పని పని కాకుండా పోతుందా మేస్త్రిగారూ? తన జవాబు మీకు నిన్ననే చెప్పింది. అది ఒకసారి చెబితే చాలదా?"

తమ్ముడి గొంతు నెమ్మదిగా, నాకు చెప్పలేదేం అన్నయ్యా అని అడగడం వినిపించింది. మేస్త్రి ఏదో గొణిగాడు. చెప్పి ఉంటే వచ్చేవాణ్ణి కాదని తమ్ముడన్నాడు. ఆ మాట అన్న తీరులో నొచ్చుకోవడం ఉంది గానీ కోపం లేదు. చెప్పులు మళ్లీ తొడుక్కున్న చప్పుడు, మెట్లు దిగిన చప్పుడు. బైండరమ్మ లోపల పేర్చుకున్న మాట అలాగే ఉండిపోయింది.

అన్నయ్య భార్యని ఎగాదిగా చూసి, లోపలిగదిలోకి వెళ్లి పేపరు పెద్దగా చప్పుడయ్యేలా విప్పాడు.

వదిన తలుపు వేసి వచ్చి, చాప మీద బైండరమ్మ ఎదురుగా కూలబడింది. ఆయాసపడుతోంది. బైండరమ్మ చెయ్యి పట్టుకోబోతే వెనక్కి లాక్కుంది.

"నీ కోసం అన్నాననుకోకు" అంది. గొంతు తగ్గించలేదు. "నన్ను చూడ్డానికొచ్చిన రోజు నేనూ టైపు చేస్తూనే ఉన్నాను. మా ఇంట్లో ఒక్కరైనా గుమ్మంలోకి వెళ్లి, అమ్మాయి పనిలో ఉందని చెప్పలేదు."

లోపలిగదిలో పేపరు చప్పుడు ఆగిపోయింది.

బైండరమ్మ ఇంకో సూది తీసి, దారానికి మైనం పట్టించి, ఎక్కించి వదినకి అందించింది. వదిన కళ్లు తుడుచుకుని సూది పుచ్చుకుంది, ఎక్కడ గుచ్చాలో చూపించమంది.